కొండల వరుసలు – నీళ్ళ దారులు
(రేడియో స్త్రీల కార్యక్రమంలో చేసిన ప్రసంగం)



పిల్లలకు పరీక్షలు దగ్గర పడ్డాయంటే మన ఇళ్ళల్లో తప్పకుండా వినిపించే పాఠం వొకటుంది. "ఆండీస్ – దక్షిణ అమెరికా, ఆల్ప్స్ – యూరప్, అట్లాస్ – ఆఫ్రికా, రాకీ – ఉత్తర అమెరికా" అంటూ ఎక్కాలు అప్పజెప్పినట్లు అప్పజెబుతారు. పరీక్ష అయిన మర్నాడు అడిగి చూడండి, ఆల్ప్స్ ఆఫ్రికాకీ, అట్లాస్ యూరప్‌కీ వెళ్ళిపోతాయి. తప్పు పిల్లలది కాదు. కొండలు ఎక్కడ వున్నాయో చెప్పి వూరుకుంటే సరిపోదు. అక్కడే ఎందుకు వున్నాయి, వున్నందువల్ల ఎవరికి ఏం జరుగుతోంది అన్నది కూడా చెబితేనే ఆ పాఠం మనసులో నిలుస్తుంది.

ఈ వేళ ఆ సంగతి చెప్పుకుందాం. నేను మెట్రిక్‌తో చదువు ఆపినదాన్ని. పండితురాలిగా చెప్పడం లేదు, పిల్లల చేత చదివిస్తూ నేనూ చదువుకున్నది చెబుతున్నాను. రేడియోలో పటం చూపించడానికి వీల్లేదు. పత్రికలో చదివే మీకు ఆ యిబ్బంది లేదు గనుక పిల్లల అట్లాసు పక్కన పెట్టుకుని, వేలుపెట్టి చూస్తూ చదవండి.

ముందుగా వొక మాట. కొండ వేరు, పర్వతశ్రేణి వేరు. ఊరి బయట వొంటరిగా వుండేది కొండ. పంక్తి భోజనానికి విస్తళ్ళు వేసినట్లు, వొకదాని పక్కన వొకటి వరుసగా వందల మైళ్ళు సాగేది శ్రేణి. ఎవరెస్టు వొక శిఖరం. హిమాలయం వొక శ్రేణి. ప్రపంచపటం మీద గోధుమరంగు ముదురుగా వున్నచోట్ల వేలు పెట్టి చూస్తే, ఆ రంగు చెదురుమదురుగా చల్లినట్లు వుండదు. గీతలు గీసినట్లు వుంటుంది. ఎందువల్ల?

పాలు కాచి దించితే పైన మీగడ కడుతుంది గదా. ఆ మీగడను గరిటె అంచుతో వొకవైపు నుంచి మెల్లగా నెట్టి చూడండి. ముడతలు లేస్తాయి. అవి ఎక్కడబడితే అక్కడ లేవవు, నెట్టిన దిక్కుకు అడ్డంగా వరుసలు కడతాయి. భూమి పైపొర పద్ధతీ దాదాపు అంతే. అది వొకే పెంకు కాదు. కొన్ని పెద్ద ఫలకాలు, మరికొన్ని చిన్న ఫలకాలు కలిసిన పొర. దాని కింద వున్నది పాలలాగా ద్రవం మాత్రం కాదు సుమా! వేడికి మెత్తబడి, లక్షల ఏళ్ళ మీద మెల్లమెల్లగా కదిలే రాయి. దాని మీద ఈ ఫలకాలు ఏడాదికి కొద్ది సెంటీమీటర్ల చొప్పున జరుగుతుంటాయి. అంటే ఇంచుమించు మన చేతిగోళ్ళు పెరిగే వేగం అన్నమాట. రెండు ఫలకాలు ఎదురుబడి వొత్తుకున్నచోట, లేదా వొకటి రెండోదాని కిందికి దూరినచోట నేల ముడతపడి పైకి లేస్తుంది. పెద్ద పర్వతశ్రేణుల్లో చాలా భాగం అలా పుట్టినవే.

ఈ సంగతి తెలిస్తే పటం మీద గుర్తు పెట్టుకోవలసినవి యాభై పేర్లు కావు, రెండు పెద్ద వరుసలు.

మొదటి వరుస పసిఫిక్ మహాసముద్రం చుట్టూ వుంది. దక్షిణ అమెరికా చిట్టచివర వేలు పెట్టండి. అక్కడి నుంచి పడమటి తీరం వెంట పైకి సాగేవి ఆండీస్. వెనిజులా, కొలంబియా, ఈక్వడార్, పెరూ, బొలీవియా, చిలీ, అర్జెంటీనా అనే ఏడు దేశాల మీదుగా దాదాపు 7,000 కిలోమీటర్లు. నేల మీద వున్న శ్రేణుల్లో ఇదే పొడవైనది. అర్జెంటీనాలోని అకాంకాగువా శిఖరం ఎత్తు 6,961 మీటర్లు. ఆసియా బయట ఇంతకన్నా ఎత్తయిన శిఖరం లేదు. ఇంకా పైకి వెళ్ళండి. మెక్సికోలో సియెర్రా మాద్రే కొండలు, ఆ తర్వాత అమెరికాలోని న్యూ మెక్సికో నుంచి కెనడా దాకా దాదాపు 4,800 కిలోమీటర్ల రాకీ పర్వతాలు, ఆపైన 6,190 మీటర్ల డెనాలి శిఖరం వున్న అలాస్కా శ్రేణి. అక్కడ సముద్రం దాటి ఇవతలికి వస్తే రష్యా తూర్పు అంచున కంచట్కా, తర్వాత జపాన్, ఫిలిప్పీన్స్, న్యూగినియా, చివరకు న్యూజిలాండ్‌లోని సదరన్ ఆల్ప్స్. మహాసముద్రానికి దండ వేసినట్లు వుంటుంది ఈ వరుస. అగ్నిపర్వతాలూ, భూకంపాలూ ఎక్కువగా వుండేది కూడా ఈ దండలోనే.

రెండో వరుస పడమటి నుంచి తూర్పుకు సాగుతుంది. ఆఫ్రికాకు వాయవ్య మూలన మొరాకో, అల్జీరియా, ట్యునీషియాల్లో అట్లాస్ పర్వతాలు. మధ్యధరా సముద్రం దాటితే ఫ్రాన్సుకూ స్పెయిన్‌కూ నడుమ గోడలా పిరెనీస్. తర్వాత ఫ్రాన్సు నుంచి స్లొవేనియా దాకా 1,200 కిలోమీటర్ల ఆల్ప్స్. ఆ తర్వాత కార్పాతియన్ కొండలు. నల్లసముద్రానికీ కాస్పియన్ సముద్రానికీ మధ్య కాకసస్. ఇరాన్‌లో జాగ్రోస్. ఆఫ్ఘనిస్తాన్‌లో హిందూకుష్. దాన్ని అంటిపెట్టుకుని కారాకోరం. ఆ పక్కన 2,400 కిలోమీటర్ల మన హిమాలయం. అక్కడ కిందికి వంగి బర్మాలోని అరకాన్ కొండల మీదుగా సుమత్రా, జావాల దాకా వెళుతుంది. ప్రపంచంలో 8,000 మీటర్లు దాటిన శిఖరాలు 14 వుంటే, పధ్నాలుగూ హిమాలయంలోనో కారాకోరంలోనో వున్నవే.

ఈ రెండు వరుసల్లోకీ చేరనివి కూడా వున్నాయి. వాటిలో చాలా వరకు వయసు మళ్ళిన కొండలు. యూరప్‌కూ ఆసియాకూ సరిహద్దుగా చెప్పే ఊరల్ పర్వతాలు, అమెరికా తూర్పు వైపున్న అపలాచియన్ పర్వతాలు పాతిక ముప్ఫై కోట్ల ఏళ్ళ కిందటివి. గాలికీ వానకూ అరిగి అరిగి ఎత్తు తగ్గిపోయాయి. మన ఆరావళి వాటికంటే ముసలిది. మన తూర్పు కనుమలు కూడా ముసలివే. మహానది, గోదావరి, కృష్ణ, పెన్న నదులు కోసుకుపోగా తెగిన దండలాగా ముక్కలు ముక్కలుగా మిగిలాయి. పాపికొండల దగ్గర గోదావరి కొండను కోసుకుంటూ ఎలా వెళుతుందో చూసినవాళ్ళకు ఇది వేరే చెప్పక్కర్లేదు. శ్రీశైలం వున్న నల్లమల, తిరుమల వున్న శేషాచలం ఈ తెగిన దండలోని పూసలే. ఇక ఆఫ్రికాలోని 5,895 మీటర్ల కిలిమంజారో వుందే, అది ఏ ముడతా కాదు, వొంటరిగా లేచిన అగ్నిపర్వతం. అందుకే అంత పెద్ద కొండ అయినా దానికి పంక్తి లేదు.

నేల ముడతపడి కొండ అవుతుందంటే నమ్మలేనివాళ్ళకు సాక్ష్యం మన పూజామందిరాల్లోనే వుంది. భారతదేశం వున్న ఫలకం ఉత్తరానికి జరిగి జరిగి, సుమారు 5 కోట్ల ఏళ్ళ కిందట ఆసియాను వొత్తుకుంది. నడుమ వున్న సముద్రం మూసుకుపోయి, దాని అడుగున పేరుకున్న మట్టీ గుల్లలూ రాళ్ళయి పైకి లేచాయి. నేపాల్‌లో ముక్తినాథ్ ప్రాంతంలో గండకీ నదిలో దొరికే సాలగ్రామంలో చక్రం గుర్తు వుంటుంది చూశారా? అది అమ్మోనైట్ అనే సముద్రజీవి గుల్ల రాతిలో మిగిల్చిన అచ్చు. ఇలా తెలుసుకున్నంత మాత్రాన పూజకు వచ్చే లోటేమీ లేదు. సముద్రం హిమాలయం అయిన కథ అరచేతిలో ఇమిడేంత రాతిలో వుందంటే నాకైతే భక్తి మరికాస్త పెరుగుతుంది. ఆ వొత్తిడి ఇప్పటికీ ఆగలేదు. 2015 ఏప్రిల్ 25న నేపాల్‌లో భూకంపం వచ్చి దాదాపు తొమ్మిది వేల మంది చనిపోవడానికి కారణం ఈ వొత్తిడే.

ఇక అసలు విషయానికి వద్దాం. శ్రేణి ఎక్కడ వుందన్నది ఎంత ముఖ్యమో, ఏ దిక్కుగా పడుకుని వుందన్నది అంత ముఖ్యం. ఎందుకంటే గాలి మోసుకొచ్చే నీటిని పంచేది అదే.

అన్నం వుడికే గిన్నె మీద మూత తీసి చూడండి, అడుగున నీటి చుక్కలు పట్టి వుంటాయి. వేడి ఆవిరి చల్లటి మూతకు తగిలి నీరయింది. సముద్రం మీది తేమగాలికి కొండ అడ్డం వస్తే, గాలి ఎక్కక తప్పదు. పైకి ఎక్కినకొద్దీ చల్లబడుతుంది. మోస్తున్న నీటిని అక్కడే కురిపించేస్తుంది. కొండ దాటి అవతలికి దిగేటప్పటికి అది వొట్టి గాలి. అవతలి వైపు ప్రాంతాన్ని వానచాటు ప్రాంతం అంటారు.

మన దేశంలోనే రెండు శ్రేణులను పోల్చి చూడండి. పడమటి కనుమలు, అంటే సహ్యాద్రి, అరేబియా సముద్రతీరం వెంట 1,600 కిలోమీటర్లు ఉత్తర దక్షిణాలుగా నిలబడ్డాయి. ఇవి ముడతపడి లేచినవి కావు, దక్కను పీఠభూమికి పడమటి అంచు. సముద్రం వైపు నుంచి చూస్తే నిట్టనిలువు గోడ, మనవైపు నుంచి చూస్తే వాలు. నైరుతి రుతుపవనం సూటిగా వచ్చి ఈ గోడకు కొట్టుకుంటుంది. అందుకే మహాబలేశ్వరంలో ఏటా 5,000 మిల్లీమీటర్లకు మించి వాన. రాజస్థాన్‌లోని ఆరావళి అలా కాదు. అరేబియా సముద్రం నుంచి గాలి ఏ దిక్కుగా వస్తుందో ఆ కొండలూ ఇంచుమించు ఆ దిక్కుగానే పడుకుని వున్నాయి. గాలి వాటి పక్కనుంచే వెళ్ళిపోతుంది. పక్కనే ఎడారి. వాకిలికి అడ్డంగా వేసిన మంచం దారి ఆపుతుంది, గోడవారగా వేసిన మంచం ఆపదు. అంతే తేడా!

సహ్యాద్రికి ఇవతలివైపు చిక్కుకున్నది మన అనంతపురం. తూర్పు సముద్రం నుంచి వచ్చే వాన కూడా అంతదూరం సరిగా రాదు. ఏడాది మొత్తానికి కురిసేది సుమారు 550 మిల్లీమీటర్లు.

నేను పుట్టింది కృష్ణ కాలువ కింది పల్లెలో, మెట్టింది అనంతపురం జిల్లాలో. పుట్టింట్లో రేవు మెట్లు దిగి బిందె ముంచుకోవడమే తెలుసు. మెట్టినింట్లో బిందెను వరుసలో పెట్టి వంతు కోసం నిలబడాలి. బియ్యం కడిగిన నీళ్ళు కుడితి తొట్టిలోకి, కూరలు కడిగిన నీళ్ళు బీరపాదులోకి పోయాలి, చుక్క నేలపాలు కాకూడదు. "ఈ వూరికి వాన దారి మరిచిపోయిందమ్మా" అనేవారు మా అత్తగారు. వాన దారి మరవలేదు. దారిలో కొండ వుంది.

అయితే చిత్రం చూడండి. మా పుట్టింటి కాలువలో పారే కృష్ణ పుట్టింది ఆ మహాబలేశ్వరంలోనే, అరేబియా సముద్రానికి పట్టుమని డెబ్బై కిలోమీటర్లయినా లేనిచోట. గోదావరి పుట్టింది నాసిక్ దగ్గర త్ర్యంబకంలో. అంత దగ్గరలో సముద్రం వున్నా, నేల తూర్పుకు వాలి వుండటం వల్ల అవి వెనక్కు తిరిగి, ఇటు వెయ్యి కిలోమీటర్లకు మించి నడిచి బంగాళాఖాతంలో కలుస్తున్నాయి. అనంతపురం పొలాలకు ఎగువ కాలువ గుండా వచ్చే తుంగభద్ర నీళ్ళు కూడా సహ్యాద్రిలో పుట్టినవే. అనంతపురానికి వాన రాకుండా ఆపేదీ ఆ కొండే, ఏరు కట్టి కొంతైనా పంపేదీ ఆ కొండే. అందుకే మహారాష్ట్ర, కర్ణాటక కొండల్లో అడవి నరికితే అది మనకు పరాయి సంగతి కాదు. మన బిందెకు సంబంధించిన సంగతే.

ప్రపంచంలో ఎక్కడ చూసినా ఇదే లెక్క. హిమాలయం తూర్పు పడమరలుగా అడ్డంగా వుండి, మధ్య ఆసియా చలిగాలులను ఇటు రానివ్వదు, మన రుతుపవనాన్ని అటు పోనివ్వదు. ఆ మంచు కరిగి గంగ, సింధు, బ్రహ్మపుత్రలలో పారుతోంది. అట్లాస్ పర్వతాలకు ఉత్తరాన గోధుమ చేలు, ఆలివ్ తోటలు. దక్షిణాన సహారా ఎడారి. పెరూ రాజధాని లీమాలో దాదాపు కోటిమంది వున్నారు. వొకవైపు చల్లటి సముద్ర ప్రవాహం, మరోవైపు ఆండీస్ గోడ కావడంతో అక్కడ వాన లేనట్లే. ఆ కోటిమంది తాగే నీళ్ళలో చాలా భాగం ఆండీస్ నుంచి దిగివచ్చే రీమాక్ నదిదే. ఆ పర్వతాల్లోనే బొలీవియా దేశంలో చకల్‌తాయా అనే చోట వుండిన హిమానీనదం, అంటే మంచు నది, కరుగుతూ కరుగుతూ వచ్చి 2009 నాటికి పూర్తిగా మాయమైపోయింది. భూమి వేడెక్కుతోందని చదువుతుంటాం గదా, దాని ఫలితం ముందుగా కనబడేది కొండల మీదే. వేసవిలో ఏళ్ళకు నీరిచ్చే మంచు తరిగిపోతే, కింద వున్నవాళ్ళ బిందెలు ఖాళీ అవుతాయి.

ఆండీస్ మాట వచ్చింది గనుక మన వంటింటి సంగతి వొకటి. మనం వేపుళ్ళు చేసుకునే బంగాళాదుంప పుట్టిల్లు ఆ కొండలే. పెరూ, బొలీవియాల మధ్య, 3,812 మీటర్ల ఎత్తున వున్న టిటికాకా సరస్సు చుట్టుపట్ల ప్రాంతాల్లో కొన్నివేల ఏళ్ళ కిందటే దాన్ని సాగుచేయడం నేర్చారు. అక్కడి ఆడవాళ్ళకు మన వరుగుల్లాంటి విద్య వొకటుంది. దుంపలను రాత్రి ఆరుబయట పరిచి మంచుకు గడ్డకట్టనిస్తారు. పగలు ఎండకు మెత్తబడ్డాక కాళ్ళతో తొక్కి నీరు పిండేస్తారు. ఇలా కొన్నాళ్ళు చేసి ఎండబెడితే ఏళ్ళ తరబడి నిలవ వుంటుంది. దాన్ని చూన్యో అంటారు. మనం ఎండను నమ్ముకుని వడియాలు పెట్టుకుంటే, వాళ్ళు చలినీ ఎండనూ రెంటినీ పనికి పెట్టారు. మరో కష్టం కూడా వుంది. ఎత్తుకు పోయినకొద్దీ గాలి వొత్తిడి తగ్గి నీళ్ళు తొందరగా మరుగుతాయి, కాని ఆ మరుగులో వేడి చాలదు. మనకు 100 డిగ్రీల దగ్గర మరిగే నీరు, బొలీవియాలోని లాపాజ్ నగరంలో సుమారు 88 డిగ్రీలకే మరుగుతుంది. ప్రెషర్ కుక్కరు లేకపోతే పప్పు ఉడికించడం ఎంత పనో వూహించుకోండి.

ఇంతవరకూ కంటికి కనబడే కొండలు చెప్పుకున్నాం. అన్నిటికన్నా పొడవైన శ్రేణి కంటికి కనబడదు. అది సముద్రాల అడుగున వుంది. బంతి కుట్టు బంతిని చుట్టినట్లు భూమిని చుట్టి దాదాపు 65,000 కిలోమీటర్లు వుంటుంది. దాన్ని పటంలోకి ఎక్కించినవారిలో ముందు చెప్పుకోవలసినది మేరీ థార్ప్ అనే అమెరికా వనిత. 1950లలో ఆడవాళ్ళను పరిశోధన వోడలు ఎక్కనిచ్చేవారు కాదు. మగవాళ్ళు వోడల మీద వెళ్ళి లోతులు కొలిచి తెచ్చిన అంకెలతో ఆమె బల్ల దగ్గర కూర్చుని పటం గీసింది. అట్లాంటిక్ అడుగున కొండల వరుస నడినెత్తిన పొడుగునా పగులు లోయ వుందని కనిపెట్టింది. అక్కడ సముద్రపు నేల రెండుగా విడిపోతోందన్నమాట. ఆమెతో పనిచేసే శాస్త్రజ్ఞుడు మొదట అవి ఆడవాళ్ళ కబుర్లని కొట్టిపారేశాడు. తర్వాత భూకంపాల లెక్కలు వేసిచూస్తే అవన్నీ ఆమె గీసిన లోయ వెంటే వరుసగా పడ్డాయి! ఫలకాలు కదులుతాయన్న మాటను లోకం నమ్మడానికి ఆ పటం ఎంతో తోడ్పడింది. ఆమె పరిశోధన వోడ ఎక్కింది 1968లో.

ఎక్కి చూపించినవాళ్ళూ వున్నారు. 1975 మే 16న ఎవరెస్టు ఎక్కిన మొదటి మహిళ జపాన్‌కు చెందిన జుంకో తబేయి. అప్పటికే వొక చిన్నపిల్లకు తల్లి. దానికి పన్నెండు రోజుల ముందే మంచు విరిగిపడి ఆమె గుడారం పూడిపోయింది. అయినా వెనక్కు తిరగలేదు. మన దేశం నుంచి మొదట ఎక్కిన మహిళ బచేంద్రీ పాల్, 1984 మే 23న. ఇక 2014 మే 25న మన తెలంగాణలో నిజామాబాదు జిల్లా గిరిజన కుటుంబానికి చెందిన మలావత్ పూర్ణ పదమూడేళ్ళ వయసులో ఎవరెస్టు ఎక్కింది. ఆ తర్వాత కిలిమంజారో, కాకసస్‌లోని ఎల్‌బ్రస్, ఆండీస్‌లోని అకాంకాగువా వంటివన్నీ ఎక్కి, 2022లో డెనాలితో ఏడు ఖండాల శిఖరాలూ పూర్తిచేసింది. మనం ఇప్పుడు అట్లాసులో వేలుపెట్టి చూసిన చోట్లలో చాలావాటిని ఆ పిల్ల కాళ్ళతో చూసింది.

మనమంతా ఎవరెస్టులు ఎక్కనక్కర్లేదు. కాని ఈసారి పిల్లలు "ఆండీస్ – దక్షిణ అమెరికా" అని వల్లెవేస్తుంటే, పక్కన కూర్చుని మూడు ప్రశ్నలు అడగండి. ఈ శ్రేణి ఏ దిక్కుగా వుంది? గాలి దానికి ఎటునుంచి తగులుతుంది? అక్కడ పుట్టిన నీళ్ళు ఏ ఊళ్ళకు వెళతాయి? మూడింటికీ జవాబు అట్లాసులోనే దొరుకుతుంది. ఆ తర్వాత మన వూరి కుళాయిలోకీ చెరువులోకీ నీళ్ళు ఏ కొండ నుంచి వస్తున్నాయో కూడా అడగండి. ఆ జవాబు కోసం పిల్లలతోపాటు మనమూ కొంచెం వెతకవలసి వస్తుంది. వెతకడం మంచిదే.

సెలవు.